క్యాంటీన్‌లో మోగని గంట

శాసనసభలో ఆమెను ఎదుట 'గౌరవ సభ్యురాలు' అనేవారు, వెనక 'హలో అక్క' అనేవారు. వెనక అన్నది కూడా ఆమెకు వినిపించేది. ఆ చెవులు అలాంటివి. రెండు గోడల అవతల ఎవరైనా గొంతు సవరించుకుంటే, ఆ గొంతు ఎవరిదో, పొద్దున ఇంట్లో ఎవరితో గొడవపడి వచ్చిందో చెప్పేసేది. గోడ మీద బల్లి దగ్గినా ఆడబల్లో మగబల్లో పోల్చుకుంటుందని ఆమె పార్టీవాళ్ళు ఊరంతా చాటారు. అందులో సగం అబద్ధమే. ఏ సగమన్నదే ఇంతవరకూ తేలలేదు.

ఆ చెవులు ఊరికే రాలేదు. రాజకీయాల్లోకి రాకముందు ఆమె ఇరవైరెండేళ్ళు టెలిఫోన్ ఎక్స్‌చేంజిలో ఆపరేటరు. రైలుపెట్టెంత పొడుగు గది, గోడ పొడవునా చిల్లుల బోర్డు, ఆ చిల్లుల్లో గుచ్చడానికి తీగలు, నెత్తిమీద హెడ్‌ఫోను. జనం నంబరు చెప్పేవారు గానీ ఆమెకు నంబర్లతో పనిలేదు. "హలో" అనగానే, "డాక్టరుగారికేగా? కలుపుతున్నా. జ్వరం పిల్లకా, మీకా?" అనేది. ఒకసారి బట్టలకొట్టాయన ఫోనెత్తి ఒక్క నిట్టూర్పు విడిచాడట. "పుట్టింటికి కలుపుతున్నా, ముందు మీరే తప్పు ఒప్పేసుకోండి" అందట. సాయంత్రానికి ఆయన భార్య కాపురానికి తిరిగొచ్చింది. ఆయన ఆ తర్వాత ఎన్నడూ ఆమె పార్టీకి కాక వేరేవాళ్ళకు ఓటేయలేదు. భార్య మాత్రం వేసిందో లేదో అనుమానమే.

ఆమెకు నలభైఒకటో ఏట ఎక్స్‌చేంజికి కొత్త యంత్రం వచ్చింది. తీగలు గుచ్చేవాళ్ళు అక్కర్లేదన్నారు. ఊరు తనంతట తాను మాట్లాడుకోవడం నేర్చుకుంది, ఆమె ఇంటికి వచ్చి కూర్చుంది. కానీ జనానికి అలవాటు పోలేదు. కుళాయి రాకపోయినా, పింఛను ఆగినా, ఎవరికి ఫోన్ చేయాలో తెలియక ఆమె ఇంటికే ఫోన్ చేసేవారు. మొదట నంబర్లు చెప్పింది. ఆ నంబర్లలో ఎవరూ ఎత్తడంలేదని తెలిసి, తనే ఆ ఆఫీసులకు వెళ్ళి బల్లల ముందు కూర్చోవడం మొదలుపెట్టింది.

"ఉద్యోగం పోయిందనుకున్నా. ఇల్లే ఎక్స్‌చేంజి అయింది. జీతమొక్కటే తప్పిపోయి ఎటో వెళ్ళింది" అనేవాడు ఆమె భర్త. ఆయన ఊళ్ళో ఇళ్ళకు కరెంటు పనులు చేసేవాడు. జేబులో ఎప్పుడూ టెస్టరు ఉండేది.

అప్పట్లో ఆ ఊళ్ళో ఓడిపోయే పార్టీ ఒకటుండేది. దాని టికెట్టు ఇస్తామంటే మనుషులు వీధి మార్చి నడిచేవారు. వాళ్ళు ఆమె గుమ్మంలోకి వచ్చారు. ఆమె నిలబడింది. అరవైరెండు ఓట్ల మెజారిటీతో గెలిచింది. "ఆ అరవైరెండు మందీ ఒక్కొక్కరూ వచ్చి హలో అంటే చాలు, నువ్వే కదా అంటాను" అని ఆమె విజయసభలో చెప్పింది. ఆ సభకు వచ్చినవాళ్ళు ఎంతమందంటే, చిత్రంగా, అరవైరెండు మందే.

అలా పంతొమ్మిదేళ్ళు గడిచాయి. శాసనసభలో మొత్తం అరవైమంది. సభాపతిని తీసేస్తే పాలకపక్షం నలభై ఎనిమిది, ఆమె పక్షం పదకొండు. ఆ పదకొండుమందిలో నాయకత్వం ఎవరికీ అక్కర్లేకపోయింది, ఎందుకంటే నాయకుడి కుర్చీ సరిగ్గా ఏసీ కింద ఉంటుంది. "మా ఆయన కరెంటు మనిషి, నాకు ఏసీ భయంలేదు" అని ఆమె వెళ్ళి కూర్చుంది. కూర్చుని ఓడిపోవడం మొదలుపెట్టింది. పద్దు మీద ఓడింది, చట్టం మీద ఓడింది, సవరణ మీద ఓడింది. ఆమె పెట్టిన సవరణను చిత్తుగా ఓడించి, ఆరు నెలలకు అదే సవరణను పాలకపక్షం తమదిగా తెచ్చేది. దత్తు వెళ్ళిన పిల్లలా ఇంటిపేరు వేరైనా పోలిక మాత్రం ఆమెదే. ఆమె చప్పట్లు కొట్టేది. "నా పిల్లేలెండి, బాగా చూసుకోండి" అనేది.

ప్రతిపక్షానికి ఇచ్చిన గది వరండా చివర, చీపుళ్ళూ బకెట్లూ పెట్టే గదికి ఆనుకుని ఉండేది. పదకొండు కుర్చీలు, అందులో ఒకటి కుంటిది. కిటికీ తెరిస్తే జనరేటరు వీపు. మూలన ఒక కెటిల్. సభ మొదలయ్యే ముందు ఆమె కళ్ళు మూసుకుని కూర్చునేది, పదిమందీ వరసగా ఒక్కొక్క మాట అనాలి. ఏ మాటైనా సరే. దాన్నిబట్టి ఎవరికి జలుబు చేసింది, ఎవరికి ఇంటి బెంగ, ఎవరు ప్రసంగం తయారుచేసుకోలేదు, అన్నీ తేల్చేసేది. ఒకరోజు వాళ్ళలోని వకీలు "నమస్కారం" అన్నాడు. ఆమె కళ్ళు తెరవకుండానే, "తమ్ముడూ, నీ గొంతులో సభానాయకుడి ఏలకుల టీ వాసనొస్తోంది" అంది.

పాలకపక్షపు సభానాయకుడు ఆ ముందురోజే వకీలును పిలిచి మంత్రిపదవి ఆశ చూపించాడు. ఆ సంగతి వకీలు భార్యకు కూడా తెలియదు.

"వెళ్ళాలనుంటే వెళ్ళు. కానీ అక్కడ నువ్వు నలభైతొమ్మిదోవాడివి. ఇక్కడ పదకొండోవాడివి. ఏ లెక్కలో నువ్వు లేకపోతే తెలుస్తుందో చూసుకో" అంది ఆమె.

వకీలు కుంటికుర్చీలోనే ఉండిపోయాడు.

ఇక క్యాంటీన్ సంగతి. సభలో ఓటింగు రెండు రకాలు. మామూలుగా సభాపతి అడుగుతాడు, అనుకూలమైనవాళ్ళు 'అవును' అని, కానివాళ్ళు 'కాదు' అని అరుస్తారు, ఏ అరుపు పెద్దదైతే దానిదే గెలుపు. ఎవరైనా లేచి 'డివిజన్' అడిగితే మాత్రం అరుపులు చెల్లవు. భవనమంతా మూడు నిమిషాలు గంటలు మోగుతాయి, ఆ తర్వాత తలుపులు మూసి తలకాయలు లెక్కపెడతారు. చదువుకున్నవాళ్ళు దీన్నే ప్రజాస్వామ్యం అంటారు.

క్యాంటీన్‌లోని గంట మోగదు. రెండేళ్ళ కిందట వకీలు అక్కడ బన్ను తింటూ ఒక ఓటు పోగొట్టుకున్నాడు. అప్పుడే ఆమె సభానాయకుడికి మొదటి ఉత్తరం రాసింది, గంట బాగుచేయించమని. 'కావాలంటే మా ఆయన ఉచితంగా చేస్తారు' అని కింద ఒక ముక్క కూడా చేర్చింది. సభానాయకుడు ఆ ఉత్తరాన్ని సభలోనే చదివి వినిపించాడు.

"ప్రతిపక్షం వాళ్ళ ఆయన చెయ్యిపెడితే గంట ప్రతిపక్షం పాటే పాడుతుందమ్మా. అయినా మీరు పదకొండుమంది. ఒక్కరు తగ్గితే ఏంటి, ఇద్దరు తగ్గితే ఏంటి?"

నలభై ఎనిమిది మందీ బల్లలు చరిచారు. ఆమె కూడా నవ్వింది. ఆ రోజునుంచి, సభ నడుస్తుండగా తన వాళ్ళెవరూ క్యాంటీన్ గడప తొక్కకూడదని కట్టుదిట్టం చేసింది. కెటిల్ అప్పుడు కొన్నదే. ఏడాది తిరగ్గానే అదే తేదీన రెండో ఉత్తరం రాసింది. జవాబు రాలేదు. ముద్ర వేసిన రసీదు మాత్రం వచ్చింది, దాన్ని ఫైల్లో పెట్టుకుంది.

ఇంతలో ఆ బిల్లు వచ్చింది. చిన్న ఊళ్ళ ఆసుపత్రుల్లో కాన్పుల వార్డులు పధ్నాలుగు మూసేయాలని. కాన్పులు తక్కువ, సిబ్బంది దండగ అన్నారు. జాబితాలో ఆమె ఊరి వార్డు ఆరోది. అది మూస్తే నొప్పులొచ్చిన మనిషి డెబ్భై కిలోమీటర్లు వెళ్ళాలి. ఆమె కూతురు ఆ వార్డులోనే ఎదురుకాళ్ళతో పుట్టింది. ఇంకో పావుగంట ఆలస్యమైతే తల్లీ బిడ్డా ఇద్దరూ దక్కేవారు కాదు. ఆ పావుగంటను ఆపి పట్టుకున్నది వార్డు పెద్దనర్సు. ఆవిడ ఎవరో కాదు, ఆమె భర్తకు స్వయానా అక్క. చేతులెంత మెత్తనో నోరంత గరుకు.

బిల్లు సంగతి మాట్లాడటానికి ఆమె వార్డు వరండాలోకి వెళ్ళింది. పెద్దనర్సు దుప్పట్లు మడతపెడుతూ తలెత్తలేదు.

"ఏమే మరదలా, పంతొమ్మిదేళ్ళయింది అక్కడ కూర్చుని. ఒక్కటంటే ఒక్క ఓటు గెలిచావా?"

"లేదొదినా."

"మరి అక్కడేం చేస్తున్నావ్, ఏసీలో ఆరబెట్టుకుంటున్నావా?"

చుట్టూ ఉన్న తల్లులు నవ్వారు. ఒకావిడ కుట్లు నొప్పెట్టి నవ్వు మధ్యలో ఆపుకుంది. ఆమెకు మాత్రం ఆ మాట ఎక్కడో తగిలింది.

"ఈ ఒక్కటీ గెలవకపోతే మళ్ళీ నిలబడను. పోటీచెయ్యమని నువ్వే వచ్చి అడిగినా సరే" అంది.

"నేనెందుకడుగుతాను? ఇదిగో, ఈ అంచు పట్టుకో."

ఇద్దరూ కలిసి దుప్పటి మడతపెట్టారు.

బిల్లు ఓటుకు వచ్చింది సమావేశాల ఆఖరి రోజు మధ్యాహ్నం. ఆ రోజే మూడో ఉత్తరం తేదీ. పొద్దున ఆమె కాగితం తీయగానే వకీలు తలుపు దగ్గరికేశాడు.

"అక్కా, నీకు దణ్ణం పెడతా, ఇవాళొక్కరోజు రాయకు. ఇవాళ టీవీలో ఫైనల్ మ్యాచి ఉంది. వాళ్ళలో సగంమంది క్యాంటీన్‌లోనే ఉంటారు. ఆ గంట చచ్చిందని మనమే గుర్తుచెయ్యడమెందుకు?"

"ఏటా ఇదే తేదీకి రాస్తున్నాను."

"రేపు రాయి! రేపు రెండు రాయి!"

"దొంగచాటుగా గెలిస్తే వారంలో మళ్ళీ తెస్తార్రా బిల్లు. చెప్పి గెలిస్తే నోరెత్తలేరు."

"చెప్పి ఓడిపోతే?"

ఆమె ఉత్తరం రాయడం ముగించి సంతకం పెట్టింది. ఉత్తరం పట్టుకుని సభానాయకుడి ఆఫీసుకు తనే నడిచి వెళ్ళింది. ముద్ర వేసే గుమాస్తా పై వాక్యం చదివి, "మళ్ళీ గంటేనామ్మా?" అన్నాడు. "మళ్ళీ గంటే" అంది. సభానాయకుడు అదే సమయంలో బయటికి వస్తూ ఆ ఉత్తరాన్ని గుమాస్తా చేతిలోనే చూశాడు. చదవలేదు. "హలో అక్క ప్రేమలేఖ కదా, ఫైల్లో పెట్టు" అని క్యాంటీన్ వైపు వెళ్ళిపోయాడు. ఆ మాట కూడా ఆమె విన్నది. వినిపించకూడదని ఆయనా అనలేదు.

మధ్యాహ్నం బిల్లు మీద ఆమె నలభై నిమిషాలు మాట్లాడింది. పధ్నాలుగు ఊళ్ళ పేర్లూ చదివింది. ఒక్కో ఊరికీ ఆ ఏడు పుట్టినవాళ్ళ సంఖ్య చెప్పింది. పాలకపక్షం బెంచీల్లో పదహారుమంది ఉన్నారు. అయిదుగురు ఊళ్ళకు రైలెక్కారు. మిగతా ఇరవైఏడుమంది, సభానాయకుడితో సహా, క్యాంటీన్‌లో టీవీ ముందు. ఈ పదహారుమందికి కాపలాగా కూర్చున్న ఉపనాయకుడు కాలుమీద కాలేసుకుని కునుకు తీస్తున్నాడు.

సభాపతి గోరువెచ్చని నీళ్ళు ఒక గుక్క తాగి అడిగాడు. "అనుకూలమైనవారు?"

ఆమె కళ్ళు మూసుకుంది. ఇరవైరెండేళ్ళు తీగలు గుచ్చిన చెవులు గదంతా విచ్చుకున్నాయి.

"అవును!"

పెద్ద అరుపే. సభాపతికి అది చాలు. కానీ ఆమె అందులోంచి గొంతులు ఒక్కొక్కటీ విడదీసింది, బియ్యంలో రాళ్ళేరినట్టు. ఉపనాయకుడు రెండుసార్లు అరిచాడు. చక్కెర ఫ్యాక్టరీ ఆయన మూడుసార్లు. అన్నీ కలిపి పది గొంతులు. పదహారుమందిలో ఆరుగురు నోరు విప్పలేదు. ఆ ఆరుగురిలో పాలకపక్షపు ముసలి డాక్టరు ఒకరు. ఆయన గొంతు ఆమెకు ఎక్స్‌చేంజి రోజులనుంచీ తెలుసు. ఆయన సొంత ఊరు జాబితాలో తొమ్మిదోది.

పది ఒకవైపు. పదకొండు ఒకవైపు.

"అవును అన్నవారిదే..." అంటున్నాడు సభాపతి.

"డివిజన్!" అంది ఆమె లేచి నిలబడి.

ఆమె డివిజన్ అడిగి రెండేళ్ళయింది. సభాపతి నీళ్ళగ్లాసు కింద పెట్టడం మరిచిపోయాడు. గంటలు మోగాయి. వరండాలో మోగాయి, లైబ్రరీలో మోగాయి, ఎవరూ లేని స్నానాలగదిలో కూడా మోగాయి.

ఉపనాయకుడు కళ్ళు నులుముకుని ఆవలించాడు. "గంట కొట్టారుగా, వస్తార్లే" అన్నాడు పక్కాయనతో.

ఒక నిమిషం గడిచింది. తలుపులోంచి ఎవరూ రాలేదు. వకీలు బల్ల కింద చేతివేళ్ళు విరుచుకుంటున్నాడు. ఆమె తలుపు వైపు చూడలేదు, వింటోంది. వరండాలో బూటు చప్పుడు వినపడితే ఆ వార్డు పోయినట్టే. రెండో నిమిషం. దూరంగా క్యాంటీన్‌లో టీవీ మ్యాచిలో గోల్ పడింది, ఇరవైఏడుమంది అరుపు గోడలు దాటి వచ్చింది. అప్పుడు గుర్తొచ్చింది ఉపనాయకుడికి.

"అయ్యో! క్యాంటీన్ గంట!"

పంచె ఎగ్గట్టి పరుగెత్తాడు. ఆయన అంత వేగంగా పరుగెత్తడం ఎన్నికల్లో కూడా ఎవరూ చూడలేదు. క్యాంటీన్‌కు వెళ్ళడానికి ముప్పై సెకన్లు. లోపల ఆ అరుపుల్లో తనమాట వినిపించడానికి ఇరవై. ఇరవైఏడుమంది ఒకే తలుపులోంచి ఒకేసారి బయటపడటానికి ప్రయత్నిస్తే ఎంతసేపు పడుతుందో ఎవరూ లెక్కకట్టలేదు. వాళ్ళు వరండా మలుపు తిరిగేసరికి సభ తలుపులు మూసుకున్నాయి.

లోపల తలకాయల లెక్క మొదలైంది. బయట ఇరవై ఎనిమిది జతల పిడికిళ్ళు తలుపు బాదుతున్నాయి. ఉపనాయకుడివి కూడా అందులోవే. ఆయన వెళ్ళడంతో లోపల 'అవును' తొమ్మిదికి దిగింది. 'కాదు' వైపు పదకొండుమంది లేచారు. కుంటికుర్చీ వకీలు అందరికన్నా ముందు లేచాడు. అప్పుడు పాలకపక్షపు ముసలి డాక్టరు మోకాళ్ళు పట్టుకుని నెమ్మదిగా లేచి నిలబడ్డాడు. 'కాదు' వైపు. ఆయన్ని చూసి పక్కనున్న ఇంకొకాయన లేచాడు. మిగతా నలుగురూ తమ బూట్లలో ఏదో చాలా ఆసక్తికరమైన సంగతి కనిపించినట్టు కిందికి చూస్తూ కూర్చున్నారు.

పదమూడు, తొమ్మిది. బిల్లు పోయింది.

తలుపులు తెరవగానే సభానాయకుడు టీ గ్లాసుతోనే లోపలికి వచ్చాడు. "ఇది మోసం! మాకు గంట వినపడలేదు! మళ్ళీ ఓటింగు పెట్టాలి!"

ఆమె ఫైలు తెరిచి మూడు కాగితాలు సభాపతి బల్లమీద పరిచింది. మూడు సంవత్సరాలు, ఒకే తేదీ, మూడు ముద్రలు. మూడోదాని ముద్ర ఇంకా పూర్తిగా ఆరలేదని, సభాపతి వేలికి అంటిందని ఇప్పటికీ చెప్పుకుంటారు.

సభాపతి మూడూ చదివాడు. చివరికి సభానాయకుడి వైపు చూశాడు. "గంట మోగదని ఈ ఉదయం కూడా మీకు చెప్పారు కదండీ?"

సభానాయకుడు చేతిలో టీ వైపు చూసుకున్నాడు. పధ్నాలుగు ఊళ్ళ పేర్లూ మర్నాడు పేపర్లలో వచ్చాయి. ఆ ఊళ్ళ సభ్యుల్లో పాలకపక్షంవాళ్ళే ఎనిమిదిమంది. వాళ్ళకు ఉన్నట్టుండి తమ ఊళ్ళ తల్లులు గుర్తొచ్చారు. బిల్లు మళ్ళీ ఎవరూ తేలేదు.

ఆ సాయంత్రం చీపుళ్ళగది పక్కగదిలో వకీలు కెటిల్ నెత్తిమీద పెట్టుకుని గంతులేశాడు. ఆమె ఫోనెత్తి వార్డుకు చేసింది. అవతల పెద్దనర్సు ఎత్తింది. వెనక ఎవరో పసిగుడ్డు గుక్కపట్టి ఏడుస్తోంది.

"హలో, వదినా..."

"మాట్లాడకు. గెలిచావు."

ఆమె ఉలిక్కిపడింది. ఒక్క హలోతో మనిషి లోపలంతా చదవడం తన పనే అనుకుంది ఇన్నాళ్ళూ. "నీకెలా తెలిసింది?"

"ఓడినప్పుడల్లా ముందు నా మోకాళ్ళ నొప్పి గురించి అడుగుతావు. సరే, మళ్ళీ నిలబడతావా, లేదా?"

"నువ్వొచ్చి అడుగుతావా?"

"నాకు కాన్పుంది, పెట్టేస్తున్నా" అంది పెద్దనర్సు. పెట్టేసే ముందు ఒక క్షణం ఆగింది. ఆ క్షణంలో ఏముందో ఆ చెవులకు ఎవరూ చెప్పనక్కర్లేదు.

తర్వాతి సమావేశాల మొదటిరోజు సభానాయకుడే ఆమె బెంచీ దగ్గరికి వచ్చాడు. చుట్టూ చూసి గొంతు తగ్గించి, "ఏమమ్మా, మీ ఆయనకి తీరికుంటుందా?" అన్నాడు.

ఆమె భర్త మధ్యాహ్నం వచ్చాడు. క్యాంటీన్‌లో కుర్చీ వేసుకుని ఎక్కాడు, గంట మూత విప్పాడు, జేబులోంచి టెస్టరు తీశాడు. రెండు నిమిషాల పని. తీగ ఒకటి ఊడిపోయి ఉంది, అంతే. పాలకపక్షం వాళ్ళు టీ గ్లాసులతో కిందనుంచి చూస్తున్నారు.

"అన్నయ్యా, ఇది మా పాట పాడుతుందా, మీ పాట పాడుతుందా?" అన్నాడు ఉపనాయకుడు.

"నాకు పాటలు రావు బాబూ, మోగడమొక్కటే వచ్చు" అని ఆయన మీట నొక్కాడు.

ఆ మోతకు క్యాంటీన్‌లో ఇరవై గ్లాసులు ఒలికాయి. మొదటి డివిజన్ గంటకే నలభై ఎనిమిదిమందీ సభలోకి పరుగెత్తుకొచ్చి కూర్చున్నారు. ఆమె పక్షం పదకొండు, వాళ్ళు నలభై ఎనిమిది. చిత్తుగా ఓడిపోయింది. పంతొమ్మిదేళ్ళలో ఆ బెంచీలు అంత నిండుగా ఎప్పుడూ లేవు. తర్వాతి బిల్లుకు మళ్ళీ అరుపుల ఓటింగే. ఆమె కళ్ళు మూసుకుని నలభై ఎనిమిది గొంతులూ ఒక్కొక్కటీ విన్నది. చక్కెర ఫ్యాక్టరీ ఆయనకు జలుబు చేసింది. ముసలి డాక్టరు మెల్లగా, ఇష్టంలేకుండా 'అవును' అన్నాడు. సభానాయకుడు మాత్రం, ఎందుకైనా మంచిదని, రెండుసార్లు అరిచాడు.